ఇల్లాలి చాకిరీ, కంపెనీల సినిమాలు

గృహిణుల కోసం తీసిన ప్రకటన చిత్రాలు అమెరికాలో 1930ల నడుమ నుంచి 1960ల తొలి ఏళ్ల దాకా విరివిగా వచ్చాయి. కరెంటు కంపెనీల సంఘాలు, గ్యాస్ కంపెనీల సంఘాలు, కార్ల తయారీదారులు, టెలిఫోన్ సంస్థ, రంగుల వ్యాపారులు, మందుల కంపెనీలు తమ డబ్బుతో వీటిని తీయించి జనానికి ఉచితంగా చూపించేవి. నిడివి పది నిమిషాల నుంచి గంట దాకా ఉండేది. వీటిలో కథ ఉంటుంది, కొన్నింట్లో పాటలూ ఆటలూ ఉంటాయి, పేరున్న నటులూ కనిపిస్తారు. సరుకు పేరు మాత్రం చాలాసార్లు చివర్లో ఒక్కసారి వస్తుంది, లేదా వంటింటి మూలనున్న ఫ్రిజ్ తలుపు మీద కనిపించి పోతుంది. ఆ వృత్తిలోవాళ్లు వీటిని స్పాన్సర్డ్ చిత్రాలనేవారు.

వీటి గురించిన చర్చంతా ఒక ప్రశ్న చుట్టూ తిరుగుతుంది. ఇవి ఇంటి చాకిరీని తగ్గించే దారి చూపించాయా, లేక ఆ చాకిరీ ఇల్లాలిదేనన్న మాటను మరింత గట్టిపరిచాయా? చిత్రాలను వరసగా చూస్తే రెండింటికీ ఆధారం దొరుకుతుంది. ఆనాటి హాలీవుడ్ సినిమాలో అంట్లు తోమడం, బట్టలుతకడం, ఇస్త్రీ చెయ్యడం కథకు పనికొచ్చే సంగతులు కావు. వాటిని తెర నడిమధ్య పెట్టి, ఇది ఒళ్లు హూనం చేసే పని అని ఒప్పుకున్నవి ఈ వ్యాపార చిత్రాలే. ఒప్పుకున్న మరుక్షణమే ఆ కష్టానికి ఒకే ఒక్క మందు చూపించాయి: కొనడం. ఏ యంత్రంతో చెయ్యాలన్నదాని మీద గంటలకొద్దీ ఫిల్ము నడిచింది. ఎవరు చెయ్యాలన్నది మాత్రం ఎక్కడా చర్చకు రాలేదు.

ఈ ఆలోచనకు పునాది సినిమా కంటే ముందే పడింది. ఫ్యాక్టరీ కార్మికుడి కదలికలను గడియారం పెట్టి కొలిచే ఫ్రెడరిక్ టేలర్ పద్ధతిని 1910లలో క్రిస్టీన్ ఫ్రెడరిక్ వంటింట్లోకి తెచ్చారు. పొయ్యికీ, అంట్లు కడిగే తొట్టికీ మధ్య ఇల్లాలు ఎన్ని అడుగులు వేస్తుందో లెక్కపెట్టి, గిన్నెల అర ఎక్కడుండాలో, బల్ల ఎంత ఎత్తుండాలో చెప్పారు. అదే రచయిత్రి 1929లో ‘సెల్లింగ్ మిసెస్ కన్స్యూమర్’ అనే పుస్తకం రాసి, ఆ ఇల్లాలికి సరుకు ఎలా అమ్మాలో వ్యాపారులకు నేర్పారు. అడుగులు తగ్గించే శాస్త్రం అమ్మకాల శాస్త్రంగా మారడానికి ఇరవై ఏళ్లు కూడా పట్టలేదు. రేడియో ఈ దారిని ఇంకా వెడల్పు చేసింది. ప్రాక్టర్ అండ్ గాంబుల్ కంపెనీ 1933లో తన ఆక్సిడాల్ సబ్బుపొడి కోసం ‘మా పెర్కిన్స్’ అనే ధారావాహికను నడిపింది. పగటిపూట కథలకు సోప్ ఒపెరా అనే పేరు రావడానికి కారణం ఆ సబ్బుల డబ్బే.

సినిమాకు కావలసిన వీలు 16 మిల్లీమీటర్ల ఫిల్ముతో కుదిరింది. కొడాక్ కంపెనీ 1923లో తెచ్చిన ఈ ఫిల్ము, థియేటర్లలో వాడే నైట్రేట్ ఫిల్ములా భగ్గున అంటుకునేది కాదు. ప్రొజెక్టర్‌ను పెట్టెలో పెట్టుకుని ఏ ఊరికైనా మోసుకెళ్లవచ్చు. దాంతో చర్చి హాలు, బడి, మహిళా క్లబ్బు, కార్మిక సంఘం గది అన్నీ సినిమా హాళ్లయ్యాయి. మోడర్న్ టాకింగ్ పిక్చర్ సర్వీస్ వంటి పంపిణీ సంస్థలు అడిగినవాళ్లకు రీళ్లను అద్దె లేకుండా ఇచ్చేవి. ఎంతమందికి చూపించారో లెక్క తీసుకుని, ఆ లెక్కను ఖర్చు పెట్టిన కంపెనీకి పంపేవి. మధ్యాహ్నం పూట క్లబ్బులో చేరిన ఆడవాళ్లకు కాలక్షేపం దొరికేది, కంపెనీకి కొనుగోలుదారులు దొరికేవారు. తర్వాత టెలివిజన్ స్టేషన్లు కూడా ఖాళీ వేళలు నింపుకోవడానికి ఇవే రీళ్లను తెచ్చుకున్నాయి.

తీసినవాళ్లలో డెట్రాయిట్‌లోని జామ్ హ్యాండీ సంస్థ చాలా పెద్దది. దాని స్థాపకుడు హెన్రీ జామిసన్ హ్యాండీ 1904 సెయింట్ లూయిస్ ఒలింపిక్స్‌లో ఈతలోనూ, ఇరవై ఏళ్ల తర్వాత పారిస్‌లో వాటర్ పోలోలోనూ కాంస్య పతకాలు గెలిచిన మనిషి. అమ్మకందార్లకు శిక్షణనిచ్చే చిత్రాలతో అతని పని పెరిగి, చిత్రాలు వేల సంఖ్యకు చేరాయి. అమ్మకందారుకు తిరుగులేని మాట నేర్పిన చెయ్యే ఇల్లాలికి కలను చిత్రించింది. ఈ సంగతి గుర్తుపెట్టుకుంటే ఆ చిత్రాల్లో ప్రతి సంభాషణా ఏదో ఒక అభ్యంతరానికి సమాధానంలా ఎందుకు వినిపిస్తుందో అర్థమవుతుంది.

మొదటి దశలో అందరూ చెప్పుకునే చిత్రం ‘ద మిడిల్టన్ ఫ్యామిలీ ఎట్ ద న్యూయార్క్ వరల్డ్స్ ఫెయిర్’. వెస్టింగ్‌హౌస్ కంపెనీ 1939 ప్రపంచ ప్రదర్శన కోసం దీన్ని రంగుల్లో తీయించింది. ఇండియానా రాష్ట్రం నుంచి వచ్చిన ఒక మధ్యతరగతి కుటుంబం ప్రదర్శనంతా తిరుగుతుంది. వ్యాపార వ్యవస్థను తిట్టే చిత్రకళా ఉపాధ్యాయుడికీ, వెస్టింగ్‌హౌస్‌లో పనిచేసే కుర్రవాడికీ మధ్య కూతురు ఎవరిని ఎంచుకుంటుందన్నది కథ. అయితే ఇల్లాలికి సంబంధించినంతవరకు చిత్రం ప్రాణమంతా ఒక పోటీలో ఉంది. ప్రదర్శన వేదిక మీద ఇద్దరు ఆడవాళ్లు అంట్లు కడుగుతారు. ఒకరి పేరు మిసెస్ మోడర్న్, రెండోవారు మిసెస్ డ్రడ్జ్, అంటే చాకిరీ చేసే ఆవిడ. మొదటావిడ గిన్నెలను డిష్‌వాషర్‌లో సర్ది, బట్ట నలగకుండా నిబ్బరంగా నిలబడుతుంది. రెండో ఆవిడ చేతులతో తోముతూ, నీళ్లు ఒంటి మీద చిందించుకుంటూ అలసిపోతుంది. చూసేవాళ్లు చప్పట్లు కొడతారు. లక్షల మంది ఆడవాళ్లు రోజుకు మూడుసార్లు చేసే పని ఇక్కడ ఓడిపోయినవాళ్ల పనిగా మారింది. చేతి పనికి సిగ్గును అంటగట్టిన ఈ ఎత్తు తర్వాతి పాతికేళ్ల ప్రకటనలకు ఒరవడి అయింది.

మరుసటి ఏడాది షెవర్లే కోసం జామ్ హ్యాండీ తీసిన ‘లీవ్ ఇట్ టు రోల్-ఓ’లో ఒక ఇల్లాలు ఇంటి పనంతా చేసిపెట్టే మరమనిషిని కలగంటుంది. మీట నొక్కితే అది వండుతుంది, ఊడుస్తుంది. కల చెదిరాక వ్యాఖ్యాత ఆమెను ఓదారుస్తాడు: అంత పెద్ద మరమనిషి లేకపోతేనేం, కారులోనూ ఇంట్లోనూ తమంతట తాము పనిచేసే చిన్న చిన్న మీటలు ఇప్పటికే ఉన్నాయి కదా అని. అడిగిన కోరిక ఒకటి, ఇచ్చిన సరుకు ఇంకొకటి. ఆ తేడాను ఇంత తేటగా చూపించిన చిత్రం మరొకటి దొరకదు.

రెండో ప్రపంచ యుద్ధం ఫ్యాక్టరీలను ఆయుధాల వైపు తిప్పింది. ఇంటి సరుకుల తయారీ కొన్నేళ్లు ఆగిపోయింది. యుద్ధం ముగిశాక 1944 నాటి మాజీ సైనికుల చట్టం ఇచ్చిన ఇంటి రుణాలతో కొత్త పేటలు లేచాయి. న్యూయార్క్ దగ్గర లాంగ్ ఐలాండ్‌లో 1947లో మొదలైన లెవిట్‌టౌన్‌లో 17 వేలకు పైగా ఇళ్లు ఒకే పోలికలో వచ్చాయి. పొద్దున్నే భర్త కారెక్కి నగరానికి వెళ్తే, అత్తమామలూ అక్కచెల్లెళ్లూ దగ్గర లేని ఇంట్లో భార్య పిల్లలతో మిగిలేది. ఆ ఒంటరి వంటిల్లే 1950ల చిత్రాలకు రంగస్థలం. ఫోర్డ్ కంపెనీ 1956లో ‘టూ-ఫోర్డ్ ఫ్రీడమ్’ పేరుతో చూపించిన ప్రకటనలో ఇల్లాలు తాను ఇంట్లో ఖైదీలా ఉన్నానని ఒప్పుకుంటుంది. రెండో కారు కొన్నాక తిరిగి మనుషుల్లో పడుతుంది. పేటలో బస్సు లేకపోవడం, అంగడి దూరంగా ఉండడం ఊరి నిర్మాణంలోని లోపాలు. ప్రకటన ఆ లోపాలను ఒక కుటుంబం కొనుక్కోవలసిన వస్తువుగా కుదించింది.

ఈ దశలో గ్యాస్‌కూ కరెంటుకూ మధ్య గట్టి పోటీ నడిచింది. కరెంటు కంపెనీల సంఘమైన ఎడిసన్ ఎలక్ట్రిక్ ఇన్‌స్టిట్యూట్ 1952లో జామ్ హ్యాండీ చేత ‘యంగ్ మ్యాన్స్ ఫ్యాన్సీ’ తీయించింది. కాలేజీ నుంచి అన్న తన స్నేహితుణ్ణి ఇంటికి తీసుకొస్తాడు. ఆ కుర్రవాడికి ఆడపిల్లలంటే బెరుకు, పనిని నిమిషాల్లో కొలవడమంటే మోజు. చెల్లెలు కరెంటు పరికరాలతో వంటా ఇస్త్రీ చేసి చూపిస్తే, వాటి వేగం చూసి అతను ఆమె మీద మనసు పడతాడు. క్రిస్టీన్ ఫ్రెడరిక్ గడియారం ఇక్కడ పెళ్లిచూపుల్లోకి చేరింది.

గ్యాస్ పక్షం 1955లో ‘ఎ వర్డ్ టు ద వైవ్స్’తో జవాబిచ్చింది. అమెరికన్ గ్యాస్ అసోసియేషన్, ‘వుమన్స్ హోమ్ కంపానియన్’ పత్రిక కలిసి దీనికి డబ్బు పెట్టాయి. నార్మన్ లాయిడ్ దర్శకుడు, మార్షా హంట్, డారెన్ మెక్‌గావిన్ నటులు. స్నేహితురాలి కొత్త వంటిల్లు చూసి వచ్చిన ఇల్లాలికి తన పాత వంటిల్లు నరకంలా కనిపిస్తుంది. అడిగితే భర్త వినడు. ఆమె ఇల్లు అతనికి అప్పగించి పుట్టింటికి వెళ్తుంది. కొద్ది రోజులు ఆ ఇరుకులో తానే వండుకుని, తానే కడుక్కున్న భర్తకు జ్ఞానోదయమై కొత్త ఇంటికి ఒప్పుకుంటాడు. ఈ కథలో ఎవరూ గట్టిగా చెప్పని నిజం ఒకటుంది. చాకిరీ ఎంత బరువో మగవాడికి తెలియాలంటే అతను చెయ్యాల్సిందే. చిత్రం ఆ గుమ్మం దాకా వచ్చి ఆగిపోతుంది. అతను చేస్తూనే ఉంటే ఏమవుతుందన్న ఆలోచన రాకముందే కొత్త పొయ్యి, కొత్త తొట్టి వచ్చి వాలతాయి, పని తిరిగి ఆమె చేతికే వెళ్తుంది. ఇంకో సంగతి కూడా ఇందులో తేటపడుతుంది. ప్రకటనలన్నీ ఇల్లాలిని ఇంటి కొనుగోళ్లకు రాణి అని పొగిడాయి. కథలన్నీ మాత్రం భర్తను ఒప్పించే ఉపాయాల కథలే. డబ్బు సంచి ముడి అతని చేతిలో ఉందని ప్రకటనదారులకు బాగా తెలుసు.

కరెంటు పక్షం 1956లో ‘లివ్ బెటర్ ఎలక్ట్రికల్లీ’ అనే దేశవ్యాప్త ప్రచారం ఎత్తుకుంది. జనరల్ ఎలక్ట్రిక్ కంపెనీ టెలివిజన్ కార్యక్రమానికి 1954 నుంచి 1962 దాకా వ్యాఖ్యాతగా ఉన్న నటుడు రొనాల్డ్ రీగన్ ఇంటిని ఆ కంపెనీ కరెంటు పరికరాలతో నింపింది. ఆయనా, భార్య నాన్సీ ఆ వంటింట్లో నిలబడి వాటిని జనానికి చూపించేవారు.

1956లోనే రంగుల కలలు పతాక స్థాయికి చేరాయి. టెలిఫోన్ సంస్థ బెల్ సిస్టమ్ కోసం గోవర్ ఛాంపియన్ దర్శకత్వంలో వచ్చిన ‘వన్స్ అపాన్ ఎ హనీమూన్’లో, పాటల రచయిత అయిన భర్త పని తెమలక పెళ్లి ప్రయాణం ఆగిపోతుంది. భార్య ఇల్లంతా తిరుగుతూ పాడుకుంటుంటే ఆమె ఊహలో గదులు మారిపోతాయి, ప్రతి గదిలోనూ ఆ గది రంగుకు తగ్గ టెలిఫోన్ వెలుస్తుంది. ఫోన్ లేని ఇల్లాలికి ఫోన్ అమ్మే రోజులు దాటి, ఉన్న ఇల్లాలికి రెండోదీ మూడోదీ అమ్మే రోజులొచ్చాయి. రంగు అందుకు పనికొచ్చింది.

జనరల్ మోటార్స్ న్యూయార్క్‌లోని వాల్డోర్ఫ్-ఆస్టోరియా హోటల్లో జరిపిన మోటోరామా ప్రదర్శన నేపథ్యంగా ‘డిజైన్ ఫర్ డ్రీమింగ్’ వచ్చింది. దర్శకుడు విలియం బోడీన్. టాడ్ టాడ్లాక్ నాయిక, మార్క్ బ్రో ముసుగు నాయకుడు. కార్ల మధ్య నాట్యం చేస్తున్న అమ్మాయికి ఉన్నట్టుండి నడుముకు ఏప్రన్ కడతారు. ఆమె అదే కంపెనీకి చెందిన ఫ్రిజిడేర్ ‘రేపటి వంటింట్లో’కి అడుగుపెడుతుంది. వంటకం వివరం ఉన్న కార్డును యంత్రంలో పెట్టి మీట నొక్కి బయటికి పరిగెడుతుంది. టెన్నిస్, గోల్ఫ్ ఆడి, ఎండకాగి తిరిగొచ్చేసరికి కొవ్వొత్తులతో సహా కేకు సిద్ధంగా ఉంటుంది. మొత్తం చిత్రాల కుప్పలో ఇల్లాలికి పూర్తిగా తీరిక దొరికిన అరుదైన నిమిషం ఇది. అది కూడా కలలోనే. పైగా ఆ తీరికలోనూ ఏప్రన్ కట్టించుకున్నది ఆమె ఒక్కతే, నాయకుడు కాదు.

కొన్ని చిత్రాలు ఆశ చూపించి కాక, భయపెట్టి సరుకు అమ్మేవి. రంగులు, వార్నిష్ తయారీదారుల సంఘానికి చెందిన ప్రచార విభాగం, పౌర రక్షణ శాఖ కలిసి 1954లో ‘ద హౌస్ ఇన్ ద మిడిల్’ విడుదల చేశాయి. నెవాడా ఎడారిలో అణు పరీక్ష దగ్గర మూడు చిన్న ఇళ్ల నమూనాలు నిలబెట్టారు. చుట్టూ చెత్త పేరుకున్నదీ, రంగు వెలిసిందీ మంటల్లో పోతాయి. శుభ్రంగా ఉండి తెల్ల రంగు వేసిన నడిమి ఇల్లు నిలుస్తుంది. కాగితాలు చిందరవందరగా పడున్న గది కాలిపోతుంది, సర్దిన గది బతుకుతుంది. తెలుపు వేడిని వెనక్కి తిప్పుతుందన్న భౌతిక శాస్త్రం తప్పు కాదు. దాన్ని అడ్డం పెట్టుకుని, అణుబాంబు నుంచి కుటుంబాన్ని కాపాడే బాధ్యతను ఇల్లు సర్దే చేతుల మీద పెట్టడం క్రూరమైన పని. 2001లో ఈ చిత్రం అమెరికా జాతీయ చలనచిత్ర పట్టికలో చేరింది.

ఫైజర్ కంపెనీలో భాగమైన రోరిగ్ సంస్థ 1957లో ‘ద రిలాక్స్డ్ వైఫ్’ తీయించింది. ఆఫీసు చికాకులతో ఇంటికొచ్చిన భర్తకు నిమ్మళంగా ఉండడమెలాగో భార్య నేర్పుతుంది. వ్యాఖ్యానమంతా ప్రాసపద్యాల్లో సాగి, చివరికి మనసును శాంతపరిచే మందుల ప్రస్తావనకు చేరుతుంది. ఆ సంస్థ అమ్మిన మందు అటరాక్స్. భార్య అలసట ఇందులో అసలు లెక్కలోకే రాదు. ఆమె ప్రశాంతత భర్తకు వైద్యం.

తెర మీద ఎవరు లేరో కూడా చెప్పుకోవాలి. ఈ వంటిళ్లలో దాదాపు అందరూ తెల్లవాళ్లే. తెల్లవాళ్ల ఇళ్లలో తరతరాలుగా గిన్నెలు తోమి, బట్టలుతికిన నల్లజాతి ఆడవాళ్ల చేతులు యంత్రాల వెనక మాయమయ్యాయి. ‘ఎబొనీ’ పత్రికను నడిపిన జాన్సన్ పబ్లిషింగ్ కంపెనీ 1954లో ‘ద సీక్రెట్ ఆఫ్ సెల్లింగ్ ద నీగ్రో’ అనే చిత్రం తీయించి, నల్లజాతి కుటుంబాలు కూడా మంచి సరుకు కొంటాయని ప్రకటనదారులకు నచ్చజెప్పవలసి వచ్చింది. ఉద్యోగం చేసే ఆడవాళ్లూ ఈ తెర మీద అరుదే. ఆ దశాబ్దంలోనే ఉద్యోగాల్లో ఉన్న, వెతుకుతున్న మహిళల వాటా 34 శాతం నుంచి 38 శాతానికి పెరిగింది. ప్రకటనలోని ఇల్లాలు గడప దాటని రోజుల్లోనే నిజమైన ఇల్లాలు దాటుతోంది.

1959 జులై 24న ఈ వంటిల్లు మాస్కో చేరింది. సొకోల్నికీ పార్కులో అమెరికా ప్రదర్శనలోని పసుపుపచ్చ వంటింటి ముందు ఉపాధ్యక్షుడు నిక్సన్, సోవియట్ నాయకుడు కృశ్చేవ్ వాదులాడుకున్నారు. ఈ యంత్రాలు మా ఆడవాళ్ల పని తేలిక చేస్తాయని నిక్సన్ అన్నాడు. తిండిని నోట్లో పెట్టి లోపలికి తోసే యంత్రం కూడా ఉందా అని కృశ్చేవ్ అడిగాడు. వాదం నడిచినంతసేపూ వంటింట్లో పనిచేసే మనిషి అభిప్రాయం ఎవరూ అడగలేదు.

విమర్శ ఆ రోజుల్లోనే మొదలైంది. వాన్స్ ప్యాకార్డ్ 1957లో ‘ద హిడెన్ పర్స్యుయేడర్స్’ పుస్తకంలో, మనస్తత్వ శాస్త్రాన్ని అమ్మకాలకు వాడడాన్ని ఎండగట్టారు. వియన్నా నుంచి వచ్చి అమెరికాలో స్థిరపడిన ఎర్నెస్ట్ డిక్టర్ ఆ విద్యలో పేరెన్నిక గన్నవాడు. బెట్టీ ఫ్రీడన్ అతని దగ్గరి నివేదికలను చదివి, పేరు చెప్పకుండానే 1963 నాటి ‘ద ఫెమినిన్ మిస్టీక్’లో ఒక అధ్యాయం రాశారు. ఇల్లాలి అసంతృప్తి కంపెనీలకు ముందే తెలుసనీ, దాన్ని తీర్చకుండా సరుకు వైపు మళ్లించారనీ ఆమె వాదన. పైన చెప్పిన చిత్రాలు ఆ వాదనకు బాగా అతుకుతాయి. తర్వాత చరిత్రకారిణి ఎలైన్ టైలర్ మే 1988లో ఈ ఇంటి ఆదర్శాన్ని ప్రచ్ఛన్న యుద్ధ భయాలతో కలిపి చూశారు. 1993లో జోఆన్ మెయెరోవిట్జ్, ఆనాటి పత్రికలు ఇంటి బయట విజయాలు సాధించిన ఆడవాళ్లను కూడా మెచ్చుకున్నాయని చూపించి, ఫ్రీడన్ చిత్రణ మరీ ఏకపక్షమన్నారు. పత్రికల వరకు ఆ సవరణ సబబే. ప్రకటన చిత్రాలకు అంతగా వర్తించదు, ఎందుకంటే వాటికి ఇంటి బయటి స్త్రీతో పని లేదు. కరోలిన్ గోల్డ్‌స్టీన్ 2012 నాటి పుస్తకం ఇంకో కోణం తెరిచింది. కంపెనీలకు సలహాలిచ్చిన గృహశాస్త్ర పట్టభద్రులు చదువుకున్న ఆడవాళ్లు. సరుకు అమ్మడంతో పాటు దాన్ని బాగుచేయించడం, ఇల్లాళ్ల మాట ఫ్యాక్టరీకి చేర్చడం కూడా తమ పని అనుకున్నారు.

అసలు ప్రశ్నకు దగ్గరగా వచ్చింది పనిగంటలు లెక్కవేసినవాళ్లు. జోఆన్ వానెక్ 1974లో ‘సైంటిఫిక్ అమెరికన్’లో రాసిన వ్యాసం ప్రకారం, ఉద్యోగం లేని గృహిణి 1920లలో వారానికి సుమారు 52 గంటలు ఇంటి పని చేస్తే, 1960లలో 55 గంటలు చేసింది. రూత్ ష్వార్ట్జ్ కోవన్ 1983లో ‘మోర్ వర్క్ ఫర్ మదర్’ పుస్తకంలో కారణం వివరించారు. కట్టెలు కొట్టడం, పొయ్యికి బొగ్గు మోయడం మగవాళ్ల, పిల్లల పనులు. కొత్త పొయ్యి వాళ్ల పనిని తీసేసింది, వంటను తియ్యలేదు. అంతకుముందు లాండ్రీకి వెళ్లిన బట్టలు, వాషింగ్ మెషిన్ రాకతో తిరిగి ఇంటికి చేరాయి. చాకలి ఇంటికి మూట వెళ్లడం మానేస్తే ఆ మూట ఎవరి నెత్తిన పడుతుందో తెలుగు ఇళ్లలో పెరిగినవాళ్లకు విడమరచి చెప్పనక్కర్లేదు. వారానికొకసారి మార్చే చొక్కా రోజూ మార్చేదయింది. యంత్రం ఒక్కో పని బరువును నిజంగానే తగ్గించింది, పనుల సంఖ్యను పెంచింది. రెండు మాటల్లో మొదటిదాన్నే చిత్రాలు చెప్పాయి.

టెలివిజన్ ఈ పొడుగు చిత్రాల కాలాన్ని ముగించింది. 1950లో అమెరికా ఇళ్లలో 9 శాతానికే టీవీ ఉంటే, 1960కి 87 శాతానికి చేరింది. క్లబ్బు హాలుకు రీలు పంపడం కంటే నేరుగా ఇంట్లోకే ఒక నిమిషం ప్రకటన పంపడం చవకైంది. 1952 రాజకీయ పార్టీల మహాసభల ప్రసారాల్లో వెస్టింగ్‌హౌస్ ఫ్రిజ్ తలుపులు తెరుస్తూ నటి బెట్టీ ఫర్నెస్ దేశమంతటికీ పరిచయమయ్యారు. ఆమెనే 1967లో అధ్యక్షుడు జాన్సన్ వినియోగదారుల వ్యవహారాలకు ప్రత్యేక సహాయకురాలిగా నియమించారు. ఆ తర్వాత ఆమె కొనేవాళ్ల పక్షాన గట్టిగా నిలబడ్డారు.

భారతదేశంలో ఈ తరహా కథ వేరేగా నడిచింది. ఇక్కడి మధ్యతరగతికి యంత్రాలు అందుబాటులో లేవు కాబట్టి అమ్మకాలు వంటనూనె, సబ్బు దగ్గరే ఉన్నాయి. 1937లో వచ్చిన డాల్డా, 1959లో వచ్చిన సర్ఫ్ తెలుగులో ఆ సరుకులకే పేర్లయిపోయాయి. దూరదర్శన్‌లో ప్రకటనలు 1976 జనవరి 1న మొదలయ్యాయి. 1980లలో కవితా చౌదరి నటించిన లలితాజీ సర్ఫ్ ప్రకటనలో ఇల్లాలు ఎవరినీ బతిమాలదు, ప్రతి పైసాకూ లెక్క చెబుతుంది. ఉతకడం తన పనా కాదా అన్న ప్రశ్న మాత్రం అక్కడా లేదు.

పని తీరాక పారేసే రీళ్లుగా చూసినందువల్ల ఈ చిత్రాల్లో చాలా భాగం పోయింది. మిగిలినవి దక్కడానికి ప్రధాన కారకుడు రిక్ ప్రెలింగర్. 1982లో ఆయన మొదలుపెట్టిన సేకరణ నుంచి సుమారు 60 వేల చిత్రాలు 2002లో అమెరికా జాతీయ గ్రంథాలయమైన లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్‌కు చేరాయి. వేలాది చిత్రాలు ఇంటర్నెట్ ఆర్కైవ్‌లో ఎవరైనా చూసేలా ఉన్నాయి. 2006లో వచ్చిన ఆయన మార్గదర్శిలో 452 చిత్రాల వివరాలున్నాయి. ఈ కొత్త అందుబాటు వల్లే పరిశోధకులు కథలతో పాటు తొట్టి ఎత్తును, చేతుల కదలికను, ఇస్త్రీకి పట్టే సమయాన్ని కూడా తెర మీదే పరిశీలించగలుగుతున్నారు.

పంపిణీ సంస్థలు కంపెనీలకు పంపిన లెక్కల్లో ఎంతమంది చూశారన్నది ఉంటుంది, చూసినావిడ ఏమనుకుందన్నది ఉండదు. ఆ వైపు సాక్ష్యం వేరే చోట ఉంది. 1920లలో అమెరికా వ్యవసాయ శాఖ గృహ ఆర్థిక విభాగం చేయించిన సర్వేల కోసం గృహిణులు, వాళ్లలో ఎక్కువమంది రైతు భార్యలు, తమ రోజును తామే నిమిషాల చొప్పున రాసిచ్చారు. వానెక్ లెక్కకు మొదటి కొస ఆ పట్టీలే.